ఎర్ర కొస దారం

కుట్టుపనావిడకు అక్షరాలు రావు. అందుకని కొలతలన్నీ దారానికి ముళ్లు వేసి దాచుకుంటుంది. మెడ దగ్గరొక ముడి, భుజానికొకటి, నడుముకొకటి, మడమ దగ్గర ఆఖరుది. మనిషికొక దారం, దారానికొక మేకు. బయటివాళ్ల దారాలకు కొస తెల్లగా వదిలేస్తుంది. ఇంట్లోవాళ్ల కొసకు మాత్రం ఎర్రదారం చుడుతుంది, ఎంత తొందరలోనూ కలిసిపోకూడదని.

ఆ పొద్దున గోడ దులుపుతుంటే ఎర్ర కొస దారాలు మూడు కనిపించాయి.

ఒకటి తనది. ఇంకొకటి మొగుడిది, మేకు నుంచి నేల దాకా వేలాడేది. వీధి దీపాలన్నీ ఉత్త చేతులతోనే అందుకుని వెలిగిస్తాడని ఊరంతా అతన్ని 'నిచ్చెన' అని పిలుస్తారు. ఆ ఇంట్లో ఉండే మూడో మనిషి ఆమె తల్లి. ఆవిడకు దారమే లేదు. "కాటికి కాళ్లు చాపినదానికి కొలతలెందుకే, నీ పాతవి చాలు" అంటూ ఏనాడూ తియ్యనివ్వలేదు.

మూడో దారం పొట్టిది. పక్కన పెట్టి చూసుకుంటే తన నడుము దాకా కూడా రాలేదు. ముళ్లు మాత్రం తన చేతివే, ఎడమచేతి వాటం మెలికతో సహా.

"అమ్మా, మనింట్లో పిల్లలున్నారా?"

"పొద్దున్నే ఏం ప్రశ్నే అది? పెళ్లై తొమ్మిదేళ్లయినా కడుపు పండలేదని వీధంతా చెవులు కొరుక్కుంటుంటే..." అంటూ ఇటు తిరిగిన తల్లి, కూతురి చేతిలో దారం చూసి టక్కున ఆగిపోయింది. గొంతు తగ్గించి, "మిగులు" అంది.

ఆ మాట వింటే ఆ ఊళ్లో ఎవరికైనా ఒళ్లు జలదరిస్తుంది. వీధి చివర నల్లరాతి కమాను ఉంది. ఇటు గోడ లేదు, అటు గోడ లేదు, కమాను ఒక్కటే. దాని కిందుగా చూస్తే అవతల ఇదే వీధి కనిపిస్తుంది. ఇవే ఇళ్లు, ఇవే అరుగులు. మనుషులు మాత్రం ఉండరు. అందుకే అందరూ దాన్ని చుట్టి పక్కనుంచి వెళ్తారు. పొరపాటున దూరినవాళ్లు పోవడమే కాదు, అసలు పుట్టనేలేదన్నట్టు అయిపోతారు. కన్నతల్లికి కూడా గుర్తుండరు. ఎప్పుడో ఎవరింట్లోనో, ఎవరి కాలికీ పట్టని చెప్పు ఒకటి బయటపడుతుంది. అదీ మిగులంటే. పొద్దు గూకేలోపు దాన్ని కమాను కిందికి విసిరేసి, వెనక్కి చూడకుండా వచ్చెయ్యాలి. దాచుకుంటే వెతకబుద్ధవుతుందని భయం.

"పారేసి రావే" అంది తల్లి.

"ఎర్ర కొసమ్మా. మనింటి మనిషి."

"గుర్తే లేని మనిషి మనిషెట్లా అవుతుందే?"

ఆమె గుర్తుచేసుకోబోయింది. మనసులో ఎంత వెతికినా ఒక ముఖం లేదు, ఒక నవ్వు లేదు. కానీ పసుపురంగు గుడ్డ తీసి పరిస్తే, సుద్దతో గీత గియ్యకుండానే కత్తెర తనంతట తాను సాగిపోయింది. చేతులకు గుర్తుంది. మధ్యాహ్నానికి చిన్న గౌను తయారైంది.

భోజనానికి వచ్చిన నిచ్చెన అంతా విన్నాడు. గౌను తిప్పి తిప్పి చూశాడు.

"దానికంటే మతి లేదు బాబూ, నువ్వైనా చెప్పు" అంది అత్తగారు.

"నేను చెప్తే వినే మనిషైతే తొమ్మిదేళ్ల కిందటే బాగుపడేవాణ్ణి కదా అత్తయ్యా" అని, పెళ్లాం వైపు తిరిగాడు. "పద. నేను వెనకనుంచి నడుం పట్టుకుంటా. నా చేతులు దీపాలకే కాదు, దీనికీ పనికొస్తాయి." నవ్వుతూనే అన్నాడు గానీ పెదవులు తడారిపోయి ఉన్నాయి.

కమాను దగ్గరికి వెళ్లేసరికి వీధి చప్పుడంతా ఎవరో మూత పెట్టినట్టు ఆగిపోయింది. ఆమె గౌనును భుజాల దగ్గర పట్టుకుని రెండు చేతులూ కమాను కిందికి చాపింది. చాపిన చేతులు సాగిపోయాయి. వేళ్లు ఎక్కడో అవతలి వీధి చివర, ఆవగింజంత కనిపించాయి. గౌను ఖాళీగా వేలాడుతోంది.

అంతలో మెడ దగ్గర గుడ్డ పొంగింది. గౌను చెయ్యి ఒకటి నిండింది. అందులోంచి ఐదు చిన్న వేళ్లు బయటికి వచ్చాయి.

"లాగు!" అన్నాడు వెనకనుంచి. నిండు బిందెను బావిలోంచి చేదినంత బరువు. అతని కాలు రాతిమీద కమాను కిందికి సర్రున జారింది. ఆమె వెల్లకిలా పడింది, గుండెల మీద ఒక పిల్ల.

వెనక ఎవరూ లేరు. ఎవరైనా ఉండాలన్న ఆలోచన కూడా ఆమెకు రాలేదు.

పిల్లను చంకనేసుకుని పరుగున ఇల్లు చేరింది. పొట్టి దారం పెట్టి చూస్తే ముడికి ముడి సరిపోయింది. ఆమెకు ఏడుపూ నవ్వూ ఒక్కసారే వచ్చాయి. పిల్ల మాత్రం ఇల్లంతా కలియజూసింది.

"నాన్న ఏడీ?"

"ఏ నాన్న, బంగారం?"

పిల్ల గోడ వైపు వేలు చూపింది. మేకు నుంచి నేల దాకా వేలాడుతున్న దారం. కొస ఎర్రగా ఉంది.

"ఇంత పొడుగు మనిషి... ఎవరమ్మా?" అని తల్లిని అడిగింది కుట్టుపనావిడ. అడుగుతుండగానే ఆమె చెయ్యి ఆ ఎర్ర కొస మీద ఆగింది.

ముసలామె గోడకు చేరగిలబడింది. "ఆ కమాను ఏదీ ఊరికే ఇవ్వదన్నమాట" అంది. పిల్లను ఒళ్లోకి లాక్కుంది. "చొక్కా గుడ్డ ఉందా?"

"ఉంది."

"కత్తిరించు. ఈసారి వెనక నేను పట్టుకుంటా."

"అమ్మా!"

"అరవకు, పిల్ల బెదురుతుంది. ముందు నా కొలత తియ్యి. తియ్యకపోతే రేపు నన్ను దేన్ని పట్టుకుని వెతుక్కుంటావే?"

ఆమె దారం తీసుకుంది. తల్లి భుజాలు ఇంత కుంచించుకుపోయాయని అప్పుడే చూడటం. ఒక్కొక్క ముడే వేసింది. కొసకు ఎర్రదారం చుట్టి నాలుగో మేకుకు తగిలించింది. పొడుగు దారం పక్కన పెట్టుకుని కత్తెర అందుకుంది.

రేపు పొద్దున గోడకు నాలుగు ఎర్ర కొస దారాలుంటాయి. వాటిలో దేన్ని చేతిలోకి తీసుకుని "ఇది ఎవరిది?" అని అడుగుతుందో ఆమెకు తెలియదు.