ఎనిమిది అడుగుల వీధి

ఆ ఊళ్ళో పొద్దున్నే పాలు పోయించుకుంటూ అందరూ అడిగే మాట ఒకటే. "చిరుగు ఇవాళ ఎక్కడుందట?" ఎండా వానా సంగతి అడిగినట్టే. చిరుగంటే బట్టకి పడేది కాదు, ఊరికి పడేది. కొన్నాళ్ళు మందుల షాపు మలుపులో ఉంటుంది, కొన్నాళ్ళు బడి మెట్ల దగ్గర. అందులో అడుగు పెట్టినవాళ్ళు ఎక్కడో తేలతారు. ఇటునుంచి పెడితే ఒకచోట, అటునుంచి పెడితే ఇంకోచోట. ఒకసారి పోస్టుమాన్ తిన్నగా డాక్టరుగారి పడగ్గదిలో తేలి, ఉత్తరాలిచ్చి, టీ తాగి మరీ వెళ్ళాడు.

చిరుగుతో ఎవరికీ పేచీ లేదు, పటాల ఆఫీసుకి తప్ప. అక్కడ వీధుల పటాలు గీసే ఆవిణ్ణి ఊరంతా పటాలమ్మ అంటారు. నలభై దాటింది, ఒంటరి మనిషి, కోపమొస్తే పెన్సిళ్ళు చెక్కుతుంది. ఆఫీసు పద్ధతేమిటంటే, ఏ వీధినైనా రెండు కొసల నుంచీ కొలవాలి. రెండు కొలతలూ కలవకపోతే పొసగని దాన్ని కొట్టేయాలి. "పటం అబద్ధమాడదమ్మా, ఊరే ఆడుతోంది" అంటారు పెద్దసారు. ఆవిడా అలాగే అనుకుని ఉద్యోగంలో చేరినప్పటి నుంచీ కొట్టేస్తూనే ఉంది.

ఈసారి చిరుగు వచ్చి రొట్టెల కొట్టు వీధిలో పడింది. నెలలు గడిచినా కదలనంటోంది. రొట్టెల కోసం బయల్దేరినవాళ్ళంతా ఇస్త్రీ బడ్డీ ముందు తేలుతున్నారు. ఇస్త్రీ ఆయనకి దశ తిరిగింది. "ఎలాగూ వచ్చారుగా, ఓ చొక్కా ఇచ్చి పొండి" అంటున్నాడు. రొట్టెలాయన మాత్రం ఈగలు తోలుకుంటున్నాడు. కొట్టుకి వెళ్ళాలంటే పెరటి గోడ దూకాలి. అంత కష్టపడి దూకేది ఊరంతటికీ పటాలమ్మ ఒక్కతే.

అంచు మాడిన రొట్టె ఆవిడకిష్టం. అది ఆవిడకోసం ఆయన పక్కన పెడతాడు. ఆ రొట్టె ఇవ్వడంలో, పుచ్చుకోవడంలో ఏముందో ఊరందరికీ తెలుసు. వాళ్ళిద్దరే నోరు విప్పరు.

ఆ సాయంత్రం ఆవిడ గోడ దిగి మోకాళ్ళు దులుపుకుంటుంటే, రొట్టెలాయన తల వంచుకుని చెప్పాడు.

"ఆదివారానికి బండి మాట్లాడానండీ. మా అక్క వాళ్ళ ఊళ్ళో కొట్టు పెట్టుకుంటాను. ఇక్కడింకేం మిగిలింది చెప్పండి?"

పటాలమ్మ రొట్టె సంచిలో పెట్టుకుంది. "మంచిదండీ" అంది. అనకూడని మాట అదొక్కటే, అదే అంది.

ఇంటికి వచ్చి వంటింట్లో కూలబడి ఏడ్చింది. ఇల్లంతా వేడి రొట్టె వాసన. ఈమధ్య రోజూ అంతే. ఆయన మీద మనసు పెట్టుకున్నందుకు ముక్కు కూడా వేళాకోళమాడుతోందనుకుంది. ఒకటి తరవాత ఒకటి పెన్సిళ్ళు చెక్కుతూ పోయింది. చెక్కుతూ చెక్కుతూ ఆగింది.

ఆ వీధిని కొలిచినప్పుడు కొట్టు గుమ్మంలో టేపు పట్టుకుని నిలబడింది తను. కొస పట్టుకుని చిరుగులోకి వెళ్ళింది రొట్టెలాయన. చప్పున వెనక్కొచ్చి "గోడ తగిలిందండీ" అన్నాడు. ఎనిమిది అడుగులొచ్చింది. ఎనిమిది అడుగుల వీధి ఎక్కడైనా ఉంటుందా? పద్ధతి ప్రకారం కొట్టేసింది. గోడ తగిలినవాడికి చెవులెందుకలా ఎర్రబడ్డాయో మాత్రం అడగలేదు.

ఆదివారం పొద్దున్నే మళ్ళీ గోడ దూకింది, టేపుతో సహా. రొట్టెలాయన మూకుళ్ళు మూటగడుతున్నాడు.

"ఇది మీరు పట్టుకోండి. ఈసారి కొస నేను తీసుకెళ్తాను."

"అయ్యో, వద్దండీ! అక్కడేం లేదు, ఉత్త గోడ!"

ఆవిడ అప్పటికే గుమ్మం దాటేసింది. ఎనిమిదో అడుగులో మోకాలికి పిండి డబ్బా తగిలింది. తన పిండి డబ్బానే. తన వంటింట్లో, డబ్బాల వెనక, చీపురు తప్ప ఎవరూ పోని మూలలో నిలబడి ఉంది. పొయ్యి పక్కన రాత్రి కడగకుండా వదిలేసిన కప్పు కూడా అలాగే ఉంది.

వచ్చిన దారినే తిరిగి వెళ్ళింది. రొట్టెలాయన టేపు పట్టుకుని దొంగలా నిలబడ్డాడు.

"గోడ తగిలిందన్నారే?"

"మీ ఇల్లని తెలిసిపోయిందండీ. గూట్లో మాడు రొట్టె ముక్క కనపడింది. చెప్పాపెట్టకుండా మీ వంటింట్లో దూరానంటే ఏమనుకుంటారోనని..."

"అందుకని రోజూ నాచేత గోడ దూకిస్తారా! మోకాళ్ళు అరిగిపోయాయి మహానుభావా!" అని నవ్వేసింది. నవ్వుతూనే కళ్ళు తుడుచుకుంది. "వెళ్ళకండి. మీరు వెళ్ళిపోతే నేనుండలేను."

ఆయన టేపు కింద పెట్టి, బండివాణ్ణి పంపించెయ్యడానికి గోడెక్కాడు.

మర్నాటి నుంచీ ఊరు ఊరంతా పటాలమ్మ ఇంటి గుమ్మంలో చెప్పులు విడిచి, వంటింట్లోంచి నడిచి రొట్టెలు కొనుక్కుంది. పోతూ పోతూ కూరలో ఉప్పు తగ్గిందని చెప్పినవాళ్ళూ ఉన్నారు.

కొత్త పటం చూసి పెద్దసారు కళ్ళజోడు పైకి తోసుకున్నారు. "మీ వంటింటికీ రొట్టెల కొట్టుకీ మధ్య ఎనిమిది అడుగులా? రేపు చిరుగు కదిలిపోతే ఈ పటం ఏం కావాలమ్మా?"

"పోతే పోనీండి సార్" అంది పటాలమ్మ, పెన్సిలు కింద పెట్టి. "ఆయన సామానంతా నిన్ననే మా ఇంటికి తెచ్చేసుకున్నాడు."