వెలుతురు చూసే పని

ఆ రోజు ఇంట్లో ఉన్నది ఐదుగురు. వంటింట్లో ఆపిల్ ముక్కలు ఉడికిస్తున్న అమ్మమ్మ లవోన్. బల్ల నిండా ఓడకెక్కే సరుకు కాగితాలు పరుచుకుని కూర్చున్న అమ్మ జోలీన్. మట్టి బూట్లతోనే లోపలికి వచ్చి, కాఫీ తాగుతూ అమ్మమ్మ చేత చీవాట్లు కూడా తింటున్న మామయ్య కర్ట్. కిటికీ దగ్గర నిలబడి రోడ్డు వైపు చూస్తున్న తాత ఆర్డెల్. బడికి సెలవు కాబట్టి మారెన్. ఆ ఇంట్లో మనుషులను ఎవరు లెక్కపెట్టినా మారెన్‌ను ఆఖరున లెక్కపెడతారు. పదిహేనేళ్లు వచ్చినా, ఆ పిల్ల నలుగురి ముందు నోరు తెరిచేది కాదు.

అందరూ ఎదురుచూస్తున్నది ఒక ఖాళీ కంటైనర్ కోసం. దాన్ని వాళ్లు పెట్టె అనే అంటారు. తమ పొలంలో పండిన సోయా గింజలను ఆ పెట్టెలో నింపి, మధ్యాహ్నం మూడు లోపల రైలు యార్డు గేటు దాటించాలి. అక్కడి నుంచి రైల్లో పడమటి తీరానికి, తీరం నుంచి ఓడలో జపాన్‌కు. అక్కడ తాతముత్తాతల నుంచి టోఫు అనే సోయా పన్నీరు చేసే ఇల్లు ఒకటి పన్నెండేళ్లుగా వీళ్ల గింజలే తీసుకుంటోంది. పోయిన వసంతంలో వెళ్లిన పెట్టె కప్పుకు ఎక్కడో సూది మొన అంత చిల్లు ఉందట. సముద్రం మీద వాన లోపలికి దిగింది. ఒక మూల గింజలు బూజు పట్టి, సరుకంతా పనికిరాకుండా పోయింది. ‘ఇంకొక్కసారి చూస్తాం’ అని ఆ ఇంటి పెద్ద ఉత్తరం రాశాడు. రెండోసారి రాయడని అందరికీ తెలుసు.

“వచ్చాడు” అన్నాడు తాత.

ఖాళీ పెట్టెను మోసుకుని రమీరో లారీ పెరట్లోకి తిరిగింది. జోలియెట్ పట్నం నుంచి వచ్చే ఈ డ్రైవరు నోరు మూసుకుని ఉండగా ఎవరూ చూడలేదు.

“పెద్దాయనా, ఇంకా బతికే ఉన్నావా?”

“నిన్ను పంపించేశాకే పోదామని ఆగాను.”

“అయితే నూరేళ్లు గ్యారంటీ. కర్ట్, నువ్వేంటి, బూట్లు కడుక్కోమని మీ అమ్మ తరిమిందా?”

తాత నవ్వకుండా పెట్టెలోకి ఎక్కాడు. పదహారేళ్లుగా వెలుతురు చూసే పని ఆయనదే. మనిషి లోపలికి వెళ్లాలి. బయటివాళ్లు రెండు తలుపులూ బిగించాలి. చీకటికి కళ్లు అలవాటు పడేదాకా ఆగి, గోడలూ కప్పూ మూలలూ అంతా వెతకాలి. ఎక్కడైనా వెలుతురు చుక్క కనిపిస్తే అక్కడ చిల్లు ఉన్నట్టే. ఆ పెట్టె పనికిరాదు.

కర్ట్ తలుపులు బిగించాడు. కాసేపటికి లోపల నుంచి రెండు దెబ్బలు వినిపించాయి. తలుపు తీస్తే తాత కళ్లు చికిలించుకుంటూ దిగి, “బాగుంది” అన్నాడు. ఆ ఒక్క మాట పడితే ఇక ఎవరూ ప్రశ్నలు వేయరు.

తర్వాతి పని మారెన్‌ది, ఊడవడం. చీపురు పట్టుకుని ఆ పిల్ల పెట్టె కొస దాకా వెళ్లింది. ఒక తలుపు మూసే ఉంది. పొలాల మీద నుంచి గాలి ఒక్క తోపు తోసేసరికి రెండోది కూడా వచ్చి పడింది. చీకటి కమ్ముకుంది. భయపడి తల ఎత్తిన మారెన్‌కు కప్పు ఎడమ మూలలో ఒక చుక్క కనిపించింది. తెల్లగా, సన్నగా, రెప్ప వేయకుండా తననే చూస్తున్నట్టు.

తలుపు తోసుకుని బయటకు వచ్చేసరికి కర్ట్ గింజలు ఎత్తిపోసే యంత్రం మూతిని పెట్టె దగ్గరకు జరుపుతున్నాడు.

“తప్పుకోమ్మా, పోస్తున్నా.”

మారెన్ తప్పుకోలేదు. తాత కాఫీ కప్పు పట్టుకుని అక్కడే ఉన్నాడు. చెబితే ఇంతమందిలో తాత తల వంగుతుంది. చెప్పకపోతే ఈ గింజలు కూడా సముద్రం మధ్యలో తడుస్తాయి. యంత్రం మోగింది.

“ఆపు మామయ్యా!”

ఆ గొంతు తనదేనా అని మారెన్‌కే ఆశ్చర్యం వేసింది. కర్ట్ ఆపేశాడు.

“ఓరి దేవుడా, ఈ పిల్లకి మాటలొచ్చు!” అన్నాడు రమీరో.

“తాతా, ఒక్కసారి నాతో లోపలికి రావా?”

తాత ఏమీ అడగకుండా వచ్చాడు. కర్ట్ మళ్లీ తలుపులు బిగించాడు. చీకట్లో ఆ చుక్క అక్కడే ఉంది.

“పైన, ఎడమ మూల.”

“ఎక్కడా?”

మారెన్ చీపురు కర్ర ఎత్తి ఆ చుక్క పక్కన ఆనించి, తాత చేతిని కర్ర మీద పెట్టింది. “ఇక్కడ. కర్ర కొస దగ్గర.”

ఆయన కర్ర వెంబడి చెయ్యి పైకి జరిపాడు.

“నాకు కనిపించట్లేదే, తల్లీ” అన్నాడు మెల్లగా. “వసంతంలో పోయిన పెట్టె కూడా నేనే బాగుందన్నాను” అన్నాడు.

మారెన్ ఆయన చొక్కా చెయ్యి పట్టుకుంది.

బయటకు వచ్చి తాత అందరికీ వినిపించేలా చెప్పాడు. “చిల్లుంది. నాకు కనపడలేదు. పిల్ల చూసింది. పెట్టె మార్చాలి.”

అమ్మ పెరట్లోకి వచ్చి గడియారం చూసుకుంది. “పదకొండున్నర, నాన్నా. నింపడానికే గంటన్నర పడుతుంది.”

“అందుకే ఇక్కడ నిలబడి మాట్లాడుకోవద్దు” అంటూ రమీరో లారీ ఎక్కాడు. “ఈసారి అక్కడే చూసి తెచ్చుకుందాం. ఎవరొస్తారు?”

తాత తన పాత బండి తలుపు తీసి, మారెన్ వైపు చూసి, తల ఊపాడు.

ఖాళీ పెట్టెల దొడ్డి రైలు యార్డును ఆనుకుని ఉంది. ఇంటి నుంచి మూడు మైళ్లే. పుట్టినప్పటి నుంచీ మారెన్ యార్డు చప్పుడు వింటూనే ఉంది. ఇనుము ఇనుముకు తగిలే ఆ మోత వానాకాలపు ఉరుములాగా ఇంట్లో ఎవరికీ పట్టేది కాదు. ఇంత దగ్గరికి మాత్రం ఎప్పుడూ రాలేదు. మిట్ట ఎక్కి బండి ఆగగానే మారెన్ అద్దం దించి తల బయటకు పెట్టింది.

నేల కనిపించలేదు. ఉన్నవన్నీ పెట్టెలే. ఎర్రవి, నీలివి, తుప్పు పట్టినవి, ఒకదాని మీద ఒకటి వీధులు కట్టి, వాళ్ల ఊరులాంటి ఊళ్లు వంద వచ్చినా చాలవన్నట్టు పరుచుకుని ఉన్నాయి. మధ్యలో ఒక రైలు నిలబడి ఉంది. దాని ఇంజన్ ఎక్కడుందో, తోక ఎక్కడుందో ఎంత వెతికినా కనిపించలేదు. చర్చి కంటే ఎత్తైన క్రేన్లు చక్రాల మీద నడిచి వచ్చి, రైలును కాళ్ల సందున పెట్టుకుని నిలబడుతున్నాయి. ఒకటి కిందికి వంగి, ఇల్లంత పెట్టెను నాలుగు మూలలా పట్టుకుని లేపింది. కోడిపిల్లను ఎత్తినట్టు ఎత్తింది. గాలిలో కాస్త ఊగించి, కింద ఆగిన లారీ మీద చప్పుడు కాకుండా దించింది. ఆ లారీ కదిలిందో లేదో ఇంకొకటి వచ్చి ఆ చోటే నిలబడింది. దాని వెనక ఇంకొకటి. అవతల గోదాముల వరస ఆకాశం అంచు దాకా పోయింది. ఒక్కో గోదాముకు వందేసి తలుపులు, తలుపు తలుపుకూ ఆనుకుని ఒక లారీ.

అంత చోటులో ఒక్క మనిషి కూడా కనిపించలేదు. బాగా వెతికితే, పైన క్రేను గదిలో ముందుకు వంగి కూర్చున్న ఒక ఆడమనిషి అగ్గిపుల్ల తలంత కనిపించింది.

“ఇవన్నీ ఎక్కడికి పోతాయి తాతా?”

“మనుషులున్న ప్రతిచోటికీ.”

జపాన్‌లో ఎక్కడో ఒక ముసలాయన పొద్దున్నే లేచి, వీళ్ల గింజలు నానబెట్టి, రుబ్బి, గుడ్డలో వడకట్టి తెల్లటి ముద్ద చేస్తాడు. అతనికీ తమకూ మధ్య ఇదంతా ఉంది. ఇదంతా ఎంత పెద్దదైనా సూది మొన అంత చిల్లు దగ్గర ఆగిపోతుంది. మారెన్ బండి దిగి తానే ముందు నడిచింది.

దొడ్డిలో ఎత్తే బండి ఒక పెట్టెను తెచ్చి వాళ్ల ముందు దించింది. పన్నెండు దాటింది. రమీరో గడియలు లాగి తలుపులు తెరిచాడు.

“కానియ్ పెద్దాయనా, త్వరగా.”

తాత అలవాటుగా ముందుకు నడిచి, గడప మీద చెయ్యి వేశాడు. ఎక్కలేదు. తిరిగి మారెన్‌ను చూశాడు.

“పో.”

“నేనొక్కదాన్నేనా?”

“కళ్లు అలవాటయ్యేదాకా కదలకు. వందదాకా లెక్కపెట్టు. ముందు మూలలు, తర్వాత కప్పు. బాగుంటే రెండు దెబ్బలు, లేకపోతే ఒకటి కొట్టు. నువ్వు కొడితేనే తీస్తాం.”

“నాకు అనుమానం వస్తే?”

“అనుమానమొస్తే బాగాలేనట్టే. మూడు గంటలైనా, నాలుగైనా, ఎవరేమన్నా సరే. నీ మాటే.”

రమీరో తలుపు దారి వదిలి పక్కకు జరిగాడు.

మారెన్ లోపలికి ఎక్కి నడుమ దాకా నడిచి, వెనక్కి తిరిగింది. తలుపు సందులో తాత, ఆయన వెనక క్రేన్లు, రైలు, ఇంకా వెనక ఆకాశం ఉన్నాయి. తాత ఒక తలుపు మూశాడు. రెండో తలుపుకు భుజం ఆనించి తోశాడు. వెలుతురు సన్నబడి గీతై, ఆరిపోయింది. గడియ కడ్డీ తిరిగి పడింది. మారెన్ కదలకుండా నిలబడి, ఒకటి నుంచి లెక్కపెట్టడం మొదలుపెట్టింది.