ఉక్కుచెయ్యి సేట్

నాందేడ్ బట్టల బజారులో వెంకట్రావ్‌ను ఉక్కుచెయ్యి సేట్ అనేవాళ్లు. పొగలు కక్కే చాయ్ గ్లాసును మిగతా వ్యాపారులు రుమాలు చుట్టి పట్టుకుంటే, అతను ఎడమచేత్తో ఒట్టిగా పట్టుకుని తీరిగ్గా బేరమాడేవాడు. "సేట్, గది చెయ్యా, పటుకారా?" అని ఎదురు దుకాణం సంగప్ప అడిగితే నవ్వేవాడు. ఆ పేరు అతనికి ఇష్టం.

ఇంట్లో అతని భార్య మీరాకూ ఒక పేరు పడింది. కూతురు వనమాల పుట్టిన ఏడాదికి మీరా పెదవి మీద, మణికట్టు మీద తెల్లమచ్చలు లేచాయి. వెంకట్రావ్ తల్లి యమునాబాయి చూసి ఒకే మాట అంది: పెద్దరోగం. ఆ తర్వాత ఎవరూ ఏమీ అడగలేదు. పెరట్లో సామాన్ల గది మీరాది అయింది. కంచం వేరు, చెంబు వేరు. పిల్ల నాయనమ్మ దగ్గర పెరుగుతుంటే తల్లి పెరటి గడప అవతలి నుంచి చూడాల్సిందే. వెంకట్రావ్ కాదనలేదు. పిల్ల మంచికే అనుకున్నాడు.

డెబ్బై నాలుగు చలికాలంలో సర్కారు డాక్టరొకడు ఇల్లిల్లూ తిరిగి పెద్దరోగానికి, అంటే కుష్ఠుకు, పరీక్షలు చేస్తూ వచ్చాడు. యమునాబాయి భజనకు వెళ్లింది గనక సరిపోయింది, ఉంటే గుమ్మంలోనే తిప్పి పంపేది. భోజనానికి వచ్చిన వెంకట్రావ్ అతన్ని పెరట్లోకి తీసుకెళ్లాడు. డాక్టరు మీరాను కళ్లు మూసుకోమని, మచ్చల మీద దూదిపోచతో తాకాడు. తాకిన ప్రతిసారీ ఆమె సరిగ్గా అక్కడే వేలు పెట్టింది.

మచ్చల్లో స్పర్శ ఉంది గనక ఇది పెద్దరోగం కాదు, చర్మం రంగు పోయిందంతే, ఎవరికీ అంటదు, బిడ్డను పక్కలో పడుకోబెట్టుకోవచ్చు అని డాక్టరు చెప్పాడు. మీరా రెండేళ్లుగా ఎక్కని పెరటి మెట్టు ఎక్కి నిలబడింది.

పనిమనిషి శాంతాబాయి చాయ్ పెట్టి గిన్నెలు తోమడానికి వెళ్లిపోయింది. స్టీలు గ్లాసు కాలుతుంటే డాక్టరు గబుక్కున కింద పెట్టేశాడు. వెంకట్రావ్ మాత్రం తన గ్లాసు గుప్పిట్లో పెట్టుకుని బట్టల ధరలు చెబుతున్నాడు. డాక్టరు వినడం మానేశాడు. లేచి వచ్చి ఆ గ్లాసు తీసి పక్కన పెట్టాడు. చొక్కా చెయ్యి పైకి మడిచి, మోచేతి వెనక నరాన్ని ఒత్తి చూశాడు. కళ్లు మూసుకోమన్నాడు.

వెంకట్రావ్ మూసుకున్నాడు. దూది ఎప్పుడు తాకుతుందా అని ఎదురుచూశాడు. చాలాసేపు ఎదురుచూశాడు. కళ్లు తెరిస్తే దూది అతని చిటికెనవేలి మీదే ఉంది.

మందు ఉందన్నాడు డాక్టరు. ఏళ్లతరబడి మింగాలి, వారం వారం కుష్ఠు దవాఖానకు రావాలి, మందు మొదలైతే ఇంట్లోవాళ్లకు భయం లేదు. వెంకట్రావ్ చెవికి దవాఖాన అన్న మాటే ఎక్కింది. ఆ వాకిట్లో నిలబడ్డవాడు చింపిన బట్ట నాందేడ్‌లో ఎవరు కట్టుకుంటారు? మాత్రలు ఇంట్లోవాళ్లు వచ్చి తీసుకెళ్లేలా బతిమాలి ఒప్పించాడు.

డాక్టరు వెళ్లిపోయాడు. మీరా ఇంకా మెట్టు మీదే ఉంది. అంతా వింది.

"నువ్వు పోయి తెస్తవా?" అన్నాడు వెంకట్రావ్. "ఎట్లాగు అందరు నీకే అనుకుంటుండ్రు."

"నాకు లేదని డాక్టర్ చెప్పిండు గద. అత్తమ్మకు చెప్పుండ్రి."

"చెప్తే, మరి మందెవలికని అడుగుతది."

మీరా పిల్ల పడుకున్న గది వైపు చూసింది. తను నోరు విప్పినా అత్త నమ్మదు, మొగుడు నమ్మించడు. అది ఆమెకు తెలుసునని వెంకట్రావ్‌కు అర్థమైంది.

"సరే, పోత. మీ చేతులు పడిపోతె పిల్ల బతుకేమైతది," అంది చివరికి. "కని ఇయ్యాల్టికెల్లి మీరు సుత దాన్ని ముట్టొద్దు."

"మందు మొదలువెడ్తె భయం లేదన్నడు డాక్టర్."

"నా సంగతి సుత ఆ డాక్టరే చెప్పిండు. ఆయన మాట ఈ ఇంట్ల చెల్లలె గద."

మెట్టు దిగి తన గదిలోకి వెళ్లింది.

మరుసటి సోమవారం మీరా రిక్షా ఎక్కి దవాఖానకు వెళ్లింది. సాయంత్రానికల్లా కబురు బజారు చేరింది. సంగప్ప వచ్చి పక్కన కూర్చుని, అలాంటి మనిషిని ఇంట్లో పెట్టుకుని మందిప్పిస్తున్నందుకు మెచ్చుకున్నాడు. వెంకట్రావ్ తలూపాడు.

ఇంటికి రాగానే వనమాల అతని కాళ్లు చుట్టేసి, ఎత్తుకోమని చేతులు చాచింది. నాయనమ్మ దగ్గరికి పొమ్మన్నాడు. మాట తప్పితే మీరా దవాఖానకు వెళ్లడం మానేస్తుందని భయం. డాక్టరు ఎంత చెప్పినా తన చేతిని తానే నమ్మలేకపోవడం అంతకన్నా పెద్ద భయం. కొడుకు తీరు మారడం చూసి యమునాబాయి, ఇదీ కోడలి నిర్వాకమేనని తిట్టుకుంది.

పిల్ల కొన్నాళ్లు ఏడ్చింది. తర్వాత మానేసింది. ఒక సాయంత్రం అతను చెప్పులు విప్పుతుంటే తలెత్తి చూసింది. వచ్చింది తండ్రేనని గుర్తుపట్టి, మళ్లీ ఆటలో పడింది.

గడప అవతల మీరా కూడా అది చూసింది. వెంకట్రావ్ ఆమె ముఖంలో సంతోషం కోసం వెతికాడు. ఉంటే కోపమైనా తెచ్చుకునేవాడు. లేదు.