కాన్రాడ్ వేసిన పాతర

జమైకా కొండల్లోని సీఫోర్డ్ టౌన్‌కు వలస వచ్చిన జర్మన్లకు అది రెండో డిసెంబరు. దొరతనం వారు ఇస్తున్న పిండీ ఉప్పుచేపా కొత్త సంవత్సరంతో ఆగిపోతాయి. ఆ తర్వాత ఊర్సులాకూ, ఎనిమిదేళ్ళ కూతురు లీనాకూ దిక్కు ఇంటి వెనక పాతర ఒక్కటే.

దాన్ని ఆమె భర్త కాన్రాడ్ వేశాడు. వాళ్ళ దేశంలో బంగాళాదుంపలకు వేసినట్టే గొయ్యి తవ్వి, గడ్డి పరిచి, మొదటి పంట పెండలం దుంపలన్నీ పేర్చాడు. పైన మళ్ళీ గడ్డి వేసి మట్టి మెత్తాడు. మంచు పడేదాకా తియ్యొద్దన్నాడు. పోయినేడు పడకపోయినా ఈసారి పడుతుందని ఆయన నమ్మకం. పది రోజులకు జ్వరమొచ్చి పోయాడు. రోజూ పొద్దున్నే ఊర్సులా ఆ మట్టి మీద బీటలు పూడ్చి వచ్చేది.

కింది తోటలో పనిచేసే ఇక్కడి మనిషి ఫీబీ సంతకు పోతూ రెండుసార్లు ఆగి చెప్పింది, ఇక్కడ దుంపలు పాతరెయ్యరని, నీడన కర్రల మీద గాలికి పెడతారని. ఊర్సులా తలూపి, మళ్ళీ బీటలు పూడ్చే పనిలో పడింది. మూడోసారి ఫీబీ గంప దించుకుని కూర్చుంది.

"మీ మంచు ఓడెక్కి వస్తోందా అమ్మాయ్? ఎన్నాళ్ళు చూస్తావు?"

"ఆయన చెప్పి పోయాడు."

"మంచివాడే పాపం. ఈ నేల ఆయన మాట వినదు కదా."

వాదించే ఓపిక ఊర్సులాకు లేదు. లోపలికెళ్ళి పార తెచ్చింది.

మట్టి తియ్యగానే వేడి ఆవిరి, దాని వెనకే వాసన. పై వరుస దుంపలు మెత్తగా చేతికి అంటుకున్నాయి. అడుగుదాకా అంతే. ఫీబీ కత్తి తీసి ఒక్కొక్క దుంపా తిప్పి చూసింది. గట్టిగా ఉన్న మొలక తలలు మాత్రం కోసి పక్కన పెట్టింది. పద్నాలుగు వచ్చాయి. బూడిద అద్ది నాటుకోమంది. పంట చేతికి రావడానికి తొమ్మిది నెలలు పడుతుందనీ, అందాకా అల్లం చెక్కు తీసే పనికి రమ్మనీ చెప్పింది. వెళ్తూ నాలుగు అరటికాయలు గడప మీద పెట్టింది.

గోతి అంచున నిలబడ్డ లీనా అప్పుడడిగింది.

"నాన్న తప్పు చేశాడా అమ్మా?"

"నాన్న చలికాలానికి తవ్వాడమ్మా. అది ఇక్కడికి రాలేదు."

ఊర్సులా కుళ్ళిన దుంపల మీద మట్టి లాగడం మొదలుపెట్టింది. సగం పూడ్చేసరికి నడుం పట్టేసింది. కాసేపు అక్కడే కూర్చుని, మళ్ళీ లేచింది.