తలుపుకి ఎదురు గోడ

"దేవుడికి దిక్కులేంటయ్యా, ఎటు చూసినా ఆయనే కదా" అన్నాడు మా ఇన్‌చార్జి. ఆ మాట అన్నది ఎవరు? తన కుర్చీ ఎటు తిరిగి ఉండాలో తేలక నాచేత మూడుసార్లు బల్ల జరిపించిన మనిషి. నాకు అరికాలి మంట నెత్తికెక్కింది.

నేను ఆసుపత్రిలో వడ్రంగిని. రోగుల తాలూకు వాళ్ల కోసం రెండో అంతస్తులో ఒక ప్రార్థన గది ఉంది. కిటికీ లేని చిన్న గది. ముస్లింలు మక్కా వైపు, యూదులు జెరూసలేం వైపు తిరిగి ప్రార్థిస్తారు. మా ఊరికి రెండూ దాదాపు పడమరే కాబట్టి గుర్తులు రెండూ ఒకే గోడకి ఉంటాయి. జెరూసలేంకి చిన్న రాగి పలక, మక్కాకి చెక్క బాణం. ఆ గోడ వైపు తిరిగి నిలబడితే చాలు. బాణం చెక్కింది నేనే. చేత్తో తడిమితే తెలిసేలా ఎత్తుగా చెక్కాను.

స్కానింగ్ మిషన్ పెట్టాలని పోయిన నెల ఆ గది ఖాళీ చేయించారు. వరండాకి అవతల, సరిగ్గా ఎదురుగా ఉన్న గదిలోకి మార్చారు. ఇన్‌చార్జి పాత కాగితమే నా చేతిలో పెట్టాడు. 'తలుపుకి ఎదురు గోడ, నేల నుంచి నాలుగడుగుల ఎత్తు' అని ఉంది అందులో. కొలిచాను, మట్టం చూశాను, బిగించాను. వెంట్రుకవాసి తేడా రాలేదు. ముప్పై ఏళ్ల పనివాణ్ణి, తేడా ఎలా వస్తుంది? దిక్కు ఒక్కటే చూడలేదు, అంతే.

బిగించాక వచ్చిన మొదటి సోమవారమే గడియారాలాయన పట్టుకున్నాడు. ఆయన యూదుడు, గడియారాలు బాగుచేస్తాడు. తమ్ముడి వైద్యం కోసం ప్రతి సోమవారం వస్తాడు. నన్ను గదిలోకి పిలిచి, మెల్లిగా, చిన్నపిల్లాడికి లెక్క చెప్పినట్టు చెప్పాడు.

"పాత గదిలో నేను ప్రార్థన చేస్తుంటే వరండా నా వెనకుండేది. గది అవతలికి వచ్చింది కదా, ఇప్పుడు వరండా నా ముందుండాలి. మరి ఇంకా వెనకే ఎందుకుంది?"

అర్థం కావడానికి అర నిమిషం పట్టింది. గది అటు నుంచి ఇటు మారేసరికి తలుపుకి ఎదురు గోడ తూర్పుదైంది, పడమర తలుపు వైపుంది. ఆయన తలుపు వైపు తిరిగి తన ప్రార్థన ముగించుకున్నాడు. వెళ్తూ, "నాకైతే తెలిసింది. తెలియనివాళ్లుంటారు. ఇవాళే మార్చెయ్" అన్నాడు.

తెలియని మనిషి ఒకడున్నాడని నాకు తెలుసు. టైలర్ బాబాయ్. భార్యని ఐసీయూలో పెట్టి ఆరు రోజులైంది. గది మారాక వచ్చిన మనిషి, పైగా రెండు కళ్లకీ శుక్లాలు. గోడ తడుముకుంటూ వచ్చి, వేళ్లతో నా బాణాన్ని వెతుక్కుని, రెండడుగులు వెనక్కి వేసి చాప పరిచేవాడు. రోజుకి ఐదుసార్లూ అదే. అడిగేది ఒక్కటే, ఆవిడ లేచి కూర్చోవాలని.

పరుగున ఇన్‌చార్జి దగ్గరికి వెళ్తేనే ఆ దిక్కుల మాట వచ్చింది.

"శుక్రవారం ఆసుపత్రి ట్రస్టు వాళ్లొస్తున్నారు, ఫోటోలు తీస్తారు. గోడలకి కొత్త రంగు వేశాం. ఇప్పుడు కన్నాలు పెడితే తప్పు చేశామని ఊరంతా చాటుకున్నట్టే. ఫోటోలయ్యాక మార్చు. ఈలోగా ఎవరికీ చెప్పకు."

"ఆ ముసలాయన మక్కాకి వీపు పెట్టి నమాజు చదువుతున్నాడు సార్."

"ఆయనకి కనపడదుగా."

చెంప పగలగొట్టాలనిపించింది. పగలగొట్టానా? లేదు. తప్పు నా చేతిది కూడాను, బయటపడితే నా పనితనం ఏమైపోవాలి? తేలు కుట్టిన దొంగలా నోరు మూసుకున్నాను.

మంగళవారమంతా అత్త మీద కోపం దుత్త మీద చూపించాను. రంగులు వేసేవాణ్ణి తిట్టాను, ఉలి విసిరి కొట్టాను. బుధవారం టైలర్ బాబాయ్ వరండాలో బెంచీ మీద కూర్చుని మంచినీళ్లు అడిగితే తెచ్చిచ్చాను.

"ఆ బాణం నువ్వే చెక్కావట కదా అబ్బాయ్. భలే నునుపుగా ఉంది. నీ చేతులు చల్లగుండాలి" అన్నాడు.

చెప్పెయ్యాలని నోరు తెరిచాను. ఇంకెంత, రెండు రోజులేగా అనుకుని మూసేశాను.

గురువారం పొద్దున ఆవిడ పోయింది.

వార్త విన్న వెంటనే స్క్రూడ్రైవర్ తీసుకుని ఆ గదిలోకి వెళ్లాను. ఎవరినీ అడగలేదు. పలకా బాణమూ ఊడదీసి తలుపున్న గోడకి, తలుపు పక్కనే బిగించాను. కొత్త రంగు పెచ్చులు పెచ్చులుగా రాలింది. ఇన్‌చార్జి ఊగిపోతూ వచ్చాడు.

"ఫోటోలయ్యాక మార్చమన్నానా లేదా? సోమవారం నుంచి ఆగినవాడివి ఇంకొక్క రోజు ఆగలేకపోయావా?"

"మీ ఫోటోలు తగలెయ్య. ఆ మనిషి ఇన్నాళ్లూ గోడకి మొరపెట్టుకున్నాడు, మీవల్ల" అని అరిచాను.

అప్పుడు చూశాను. టైలర్ బాబాయ్ గుమ్మంలో నిలబడి ఉన్నాడు.

"ఇన్నాళ్లూ బాణం ఉన్నది మక్కా వైపు కాదా?" అన్నాడు.

"కాదు బాబాయ్. మక్కా వెనక వైపు."

"సోమవారమే తెలుసా నీకు?"

"తెలుసు."

తిడతాడని నిలబడ్డాను. తిట్టాలనే కోరుకున్నాను. ఆయన గొంతు పెంచలేదు.

"నాకు తెలియదు. మనిషి తనకు తెలిసినంతలో వెతుక్కుని తప్పు వైపు నిలబడినా, ఆ నమాజు చెల్లుతుందని మా పెద్దలు చెప్పారు. నావన్నీ చెల్లాయి. ఆమె వెళ్లిపోవడం దేవుడి నిర్ణయం. అందులో నీ బాణానికేం సంబంధం లేదు. కానీ నీకు తెలుసు కదా అబ్బాయ్. నాకు నీళ్లు కూడా ఇచ్చావు, ఈ మాట మాత్రం చెప్పలేదు. మరి నీది ఎలా చెల్లుతుంది?"

ఇన్‌చార్జి వైపు చూశాను. ఆయన నేల చూస్తున్నాడు. మూడు రోజులుగా ఆయన్ని తిట్టుకున్న తిట్లలో ఒక్కటైనా నాలుక మీదికి రాలేదు.

బాబాయ్ లోపలికొచ్చి గోడ తడమడం మొదలుపెట్టాడు. బాణం ఎక్కడుందో చూపిద్దామని చెయ్యి పట్టుకోబోయాను.

"వద్దు. ఇంకెవరినైనా అడుగుతాను" అన్నాడు.