కింద నిప్పు, మీద నిప్పు

కూర్మయ్య తన ఇంటి వంటగది గడప దాటి ఇరవై ఎనిమిదేళ్లయింది. ఇల్లు అతనిదే. గోడలు లేపిందీ అతనే, పెంకు నేయించిందీ అతనే. ఆ ఒక్క గడప మాత్రం భార్య గురమ్మది.

కారణం పెద్ద రహస్యమేమీ కాదు. అతను జూటుమిల్లు మేనేజరు దొర బంగళాలో వంటవాడు. ఏ మాంసం పడితే ఆ మాంసం ఉడికే వంటిల్లు అది. గురమ్మ వంటింటి మూలనేమో పైడితల్లి అమ్మవారి పేర పసుపు రాసిన ముంత ఉంది. ఈ రెండింటికీ పొత్తు కుదరదని అతను ఉద్యోగంలో చేరిన వారంలోనే ఆమె తేల్చి చెప్పేసింది. శనివారం సాయంత్రం చీపురుపల్లి స్టేషన్లో రైలు దిగి వచ్చిన మనిషి, నూతి దగ్గర నాలుగు చేదలు నెత్తిన గుమ్మరించుకుని, వేరే పంచె కట్టుకుని, వసారాలో పీట మీద కూర్చోవాలి. ఆమె వడ్డించాలి, అతను తినాలి. ముగ్గురు మేనేజర్లకు వండిపెట్టిన ఆ చేతికి సొంత ఇంట్లో ఉప్పు ఎక్కడుంటుందో తెలియదు. అతను దాన్ని అవమానం అనుకోలేదు. కానీ కష్టంగా మాత్రం ఉండేది. తన చేతివంట గురించి ఊళ్లో అందరూ విన్నారు, కట్టుకున్న మనిషి ఒక్కనాడు రుచి చూడలేదు.

అరవై ఏడులో దొర మూటాముల్లె సర్దుకుని సీమకు పోయాడు. దొరసాని వెళ్తూ వెళ్తూ బీరువాల్లో మిగిలినవి పనివాళ్లకు పంచింది. తోటమాలికి గొడుగు, డ్రైవరుకి గడియారం, కూర్మయ్యకు ఒక రేకు డబ్బా నిండా మాకరోనీ. గోధుమపిండితో చేసిన పొట్టి పొట్టి గొట్టాలవి, వంకర తిరిగి ఎండుగడ్డి రంగులో ఉంటాయి. ఏడాదిపాటు ఆ డబ్బా వసారా అటక మీదే దుమ్ము కొట్టుకుంది. బంగళా పని పోయి అతను ఇంటికొచ్చేసినా గురమ్మ పట్టింపు పోలేదు, డబ్బాను లోపలికి రానివ్వలేదని వేరే చెప్పాలా.

ఆ మరుసటి వానాకాలం గురమ్మకు టైఫాయిడ్ వచ్చింది. ఇరవై రెండు రోజులు మంచం దిగలేదు. జ్వరం పోయాకే అసలు చిక్కు మొదలైంది. నోటికి ఏదీ సయించదు. సగ్గుబియ్యం జావ పెడితే పక్కకు తిరుగుతుంది, చారులో పిసికిన మెతుకులు పెడితే కళ్లు మూసుకుంటుంది. అన్నీ మన్ను తిన్నట్టు ఉన్నాయంటుంది. డాక్టరు వచ్చి చెయ్యి పట్టుకు చూసి, వసారాలోకి కూర్మయ్యను పిలిచి మెల్లగా చెప్పాడు. మందుల పని అయిపోయిందట. ఇక తిండి తింటేనే మనిషి దక్కుతుందట, నాలుగు రోజులు ఇలాగే గడిస్తే తను చెయ్యగలిగింది లేదట.

ఆ మాట విన్నప్పటి నుంచి కూర్మయ్యకు కాలూ చెయ్యీ ఆడలేదు. రాజాం నుంచి గురమ్మ 'అప్ప' అని పిలిచే అక్క జగ్గమ్మ వచ్చి ఇల్లు చూసుకుంటోంది. మంచి మనిషి. కాకపోతే చేతులు ఊరికే ఉండవు. తీసినది పెడుతుంది, పెట్టినది తీస్తుంది, ఎవరూ అడగని పని ముందు చేస్తుంది. ఆమె వడ్డించిన అన్నం ముందు కూర్చుని కూర్మయ్య కంచంలో వేలు తిప్పి లేచిపోయేవాడు.

రెండు రోజులు పోయాక పొద్దున్న అతనికి దొర కూతురు గుర్తుకొచ్చింది. ఆ పిల్లకు తట్టు పోసి తగ్గాక ఇలాగే వారం రోజులు ఏదీ ముట్టలేదు. అప్పుడు తను మాకరోనీ, మొక్కజొన్న, పాలు, వెన్న కలిపి ఓవెన్లో పెట్టి తీసి ఇస్తే, ఆ పిల్ల గిన్నె గీకి గీకి తింది. దొరసాని వంటింటి గుమ్మం దాకా వచ్చి చూసి వెళ్లింది. కూర్మయ్య లేచి అటక మీది డబ్బా దించి దుమ్ము దులిపాడు.

జగ్గమ్మ ముక్కు మీద వేలేసుకుంది. దొరల తిండి ఈ ఇంట్లో వండితే చెల్లెలు మంచం మీంచి లేచి మరీ తిడుతుందని హెచ్చరించింది. లోపల గురమ్మ అంతా వింటూనే ఉంది.

"పొయ్యి ముట్టుకోను వదినా," అన్నాడు కూర్మయ్య. "కుంపటెట్టుకుని పెరట్లో సేస్తాను. కోడిగుడ్డు కూడా ఎయ్యను."

తలారా స్నానం చేశాడు. కుంపటి రాజేసి, మాకరోనీ ఉడకబెట్టి, నీళ్లు వంచి, ఒకదానికొకటి అంటుకోకుండా ఉతికిన తెల్లబట్ట మీద నీడలో పలచగా పరిచాడు. అరగంట ఆరితే చాలు. ఈలోగా మొక్కజొన్న పొత్తులు తెద్దామని లక్ష్ముడి ఇంటికి బయలుదేరాడు. లక్ష్ముడు అతని చిన్ననాటి స్నేహితుడు, ఏరు దాటి మెట్టపొలంలో మొక్కజొన్న వేశాడు. ఇంట్లో లేడు, పొలంలో ఉన్నాడు. కూర్మయ్య పొలానికి పోయాడు. గింజ పాల మీదున్న లేతపొత్తులు కావాలని ఒక్కో పొత్తూ గిల్లి గిల్లి ఏరాడు. వంటవాడి చాదస్తం అది. లక్ష్ముడు గురమ్మ సంగతి అడిగాడు, అడిగాడు కనక చెప్పాల్సి వచ్చింది, చెప్తూ కాసేపు గట్టు మీద కూర్చోవాల్సి వచ్చింది. ఇంటికి చేరేసరికి మిట్టమధ్యాహ్నం దాటింది.

వారం రోజుల ముసురు తరవాత ఆ రోజే ఎండ చుర్రుమంది. పెరట్లో నులకమంచం మీద తెల్లబట్ట, బట్ట మీద మాకరోనీ, పక్కన కర్ర పట్టుకుని కాకుల్ని తోలుతూ జగ్గమ్మ.

"మంచి ఎండ వదిలీసి నీడలో ఆరబెట్టినావేటి మరిదీ," అంది నిండు సంతోషంతో. "ఉప్పు సాలనట్టుంటే కొంచెం జల్లినాను. రెండెండలు తగిల్తే కరకరమంటాయి."

ఉడికించి, వార్చి, బట్ట మీద పరిచినవాటిని మన వైపు ఆడవాళ్లు ఏమంటారో అదే అనుకుంది ఆవిడ. వడియాలనుకుంది. అనుకోక ఏం చేస్తుంది పాపం. కూర్మయ్య ఒక గొట్టం తీసి వేళ్లతో నొక్కాడు. చెక్కలా బిగిసి, అంచులు పగిలి ఉంది. డబ్బాలో ఇంకొక్కటి మిగల్లేదు. ఇలాంటివి విజయనగరంలో దొరకవు, విశాఖపట్నంలో దొరుకుతాయో లేదో తెలియదు, తెచ్చేందుకు రోజులు లేవు. కోపం అరికాలి నుంచి నెత్తికెక్కింది. ఎండకు కమిలిపోయిన జగ్గమ్మ ముఖం చూశాడు. మూడు గంటలు కదలకుండా కూర్చున్న మనిషి. ఏమంటాడు? మంచి పని చేశావు వదినా అన్నాడు, బట్ట నాలుగు కొంగులూ పట్టి ఎత్తాడు.

బంగళాలో అయితే అవి పెంటకుప్పలోకి పోయేవి. ఇక్కడ అది కుదరదు. బిందెడు పాలలో సగం కాచి, ఆ వేడిపాలలో గొట్టాలన్నీ వేసి మూత పెట్టాడు. మెల్లగా పాలు తాగి ఉబ్బాయి. అయితే మరీ ఉబ్బాయి. ఒక్కోటీ పట్టుకుంటే జారిపోయేంత మెత్తగా, ఆకారం చెడి తయారయ్యాయి. అవి చూస్తే దొరసాని కంచం వెనక్కి పంపేదే. కూర్మయ్య ఆ సంగతి ఆలోచించడం మానేశాడు. పొత్తుల గింజలు ఒలిచి, సగం రుబ్బి పాలు పిండి, సగం మెత్తగా ఉడికించాడు. వెన్న కరిగించి చెంచాడు మైదా వేయించి, పాలు పోసి ఉండకట్టకుండా కలిపాడు. మిరియప్పొడి చిటికెడు. ఉప్పు జగ్గమ్మ ఎప్పుడో వేసేసింది.

ఇక ఓవెన్ ఏది? దానికి మాత్రం అతను తడుముకోలేదు. ఇరవై ఎనిమిదేళ్లు వసారాలో పీట మీద కూర్చుని, తెరిచిన తలుపులోంచి గురమ్మ మినపరొట్టె కాల్చడం చూస్తూనే ఉన్నాడు. దళసరి గిన్నె, కింద సన్నటి సెగ, మూత మీద నిప్పులు. జగ్గమ్మను అడిగి ఆ గిన్నె తెప్పించుకున్నాడు. వెన్న రాసి, అన్నీ కలిపి పోసి, పైన మీగడ పరిచి, పథ్యానికి తెచ్చిన బ్రెడ్డు ఎండిపోతే దాన్ని నలిపి చల్లాడు. మూత పెట్టి నిప్పులు పేర్చాడు. గొంతుక్కూర్చుని విసనకర్ర పట్టాడు. కాసేపటికి వెన్నా, మొక్కజొన్నా మగ్గి కమ్మటి వాసన పెరడంతా నిండి ఇంట్లోకి పోయింది. లోపల మంచం కిర్రుమంది.

పైన ఎర్రటి పెచ్చు కట్టింది. కంచంలో వేసి పట్టుకెళ్లి మంచం పక్కన స్టూలు మీద పెట్టాడు. గురమ్మ గోడకు దిండు ఆనించుకుని కూర్చుని ఉంది. కంచం చూసింది. అతన్ని చూసింది. చెయ్యి చాపలేదు.

ఇదంతా ఆ పాత పట్టింపే అనుకున్నాడు కూర్మయ్య. తలస్నానం చేశానని చెప్పాడు. గిన్నె ఈ ఇంటిదేనని, పాలు మన గేదెవేనని, నీచు తగల్లేదని, పొయ్యి ఛాయలకే వెళ్లలేదని ఒకదాని వెంట ఒకటి చెప్పుకుపోయాడు. దొర పిల్ల తిని కోలుకున్న సంగతి కూడా చెప్పాడు. చెప్పడానికి ఇంకేమీ మిగల్లేదు.

"నువ్వు తిన్నావేటి బావా?" అంది గురమ్మ.

"తర్వాత తింటాను."

"అప్ప వడ్డించినన్నం వడ్డించినట్టే గేదె కుడితిలోకి ఎల్తన్నాది. మంచం మీదున్నాను గానీ, నాకు కళ్లు పోనేదు. నువ్వింట్లో ఉండి తినకండా నానెప్పుడు మెతుకు ముట్టినాను?"

ఆమె మళ్లీ అడిగింది, ఈసారి మెల్లగా. ఇది ఎలా ఉంటుంది, తియ్యగా ఉంటుందా, కారంగా ఉంటుందా అని.

కూర్మయ్య చెప్పబోయి ఆగిపోయాడు. కలిపేటప్పుడు అరచేతిలో చుక్క వేసుకుని ఉప్పు చూడటమే గాని, ఆ వంట అతను ఎన్నడూ తినలేదు. బంగళాలో వంటవాడు వెనకవైపు మెట్ల మీద తన గంజి తను తాగాలి. బల్ల మీద మిగిలినది కుక్కలకు పోతుంది.

"తెలీదు గురీ," అన్నాడు. "కూకుని ఎప్పుడూ తిననేదు."

గురమ్మ చాలాసేపు అతని ముఖంలోకి చూసింది. ఇన్నేళ్లూ ఈ మనిషి ఆ బంగళాలో దొరల తిండి తిని వస్తున్నాడనే ఆమె అనుకుంది. వారానికొకసారి నాలుగు చేదలు కుమ్మరించుకోమన్నది అందుకే. కళ్లు తుడుచుకుంది. ఎముకలు తేలిన చేత్తో పెచ్చు విరిచి, కంచంలో సగం అతని వైపు జరిపింది.

"కూకో," అంది.

మంచం అంచున కూర్చున్నాడు. ఒక ముద్ద తీసుకుని నోట్లో పెట్టుకున్నాడు. మాకరోనీ మెత్తనైపోయింది, ఉప్పు కొంచెం ఎక్కువైంది, మొక్కజొన్న మాత్రం తియ్యగా ఉంది. ఎలా ఉందో చెప్పమని ఆమె చూస్తోంది. అతను తల ఊపాడు. అతను రెండో ముద్ద తీసుకున్నాక, గురమ్మ మొదటి ముద్ద నోట్లో పెట్టుకుంది.