అమ్మ ఉన్న చోట బావ

బావా అంటోందేమిటి ఈవిడ, అక్కడ ఉండాల్సింది అమ్మా కదా, యా దారిన పోతివమ్మా అని కదా, లేదు, నా చెవులకేమైనా అయిందేమో, వారమంతా వంటింటి ఫ్యాను మోత కింద బతికే చెవులు, అదిగో మళ్ళీ వచ్చింది, యా దారిన పోతివి బావా, వెనక డప్పులు, కీబోర్డు, చప్పట్లు, ఈ అరబ్బు దేశపు ఫహాహీల్‌లో ఇళ్ళలో పనిచేసే ఆడవాళ్ళం శుక్రవారం సెలవుకి చేరే ఈ ఇరుకు గదిలో కళావతి ఫోను గట్టిగా పెట్టి, ఇను వెంకటేశ్వరీ, నైనిక పాడిన పల్లెపాట ఇది, ఇంగిలీసు పాటలు ఎగిరెగిరి పాడేదే, ఆ యమ్మే, ఇప్పుడు మన పక్క పాటలు పట్టుకునింది, అంటూ నడుము ఊపుతోంది, ఫోనులో బొమ్మ కూడా చూపించింది, నిన్నటిదాకా చిరుగుల ప్యాంటుతో పాడిన పిల్ల గళ్ళచీర కట్టి నెత్తిన సద్దిగంప పెట్టుకుంది, గంప కింద గుడ్డచుట్ట కూడా లేదు, ఎప్పుడైనా మోసిన మొహమా అది.

ఆ మాటలు నావి, నావంటే కూర్చుని రాసినవి కాదు, మా అమ్మ పోయినప్పుడు నా కడుపులోంచి వచ్చినవి, కూతురు పక్కన కూర్చుని శోకం తీయకపోతే పోయినవాళ్ళు ఆకలితో పోతారని మా అమ్మే అనేది, నా ఇఖామా, ఇక్కడ ఉండనిచ్చే కార్డు, రెన్యువల్‌లో ఉంది, అది చేతికొచ్చేదాకా కదలడానికి లేదని నన్ను పనికి రప్పించిన కఫీల్ అన్నాడు, ఖలాస్, ఇక మాట లేదు, అందుకే అక్క సిద్ధమ్మ ఫోను స్పీకర్లో పెట్టి అమ్మ తలాపున ఉంచింది, నేనిక్కడ సామాన్ల గదిలో బియ్యం బస్తా మీద కూర్చుని పాడాను, పాడటమా అది, అక్కడెవడో వీడియో తీశాడు, అది ఊళ్ళు తిరిగి తిరిగి ఈ పిల్ల చేతిలో పడింది, ఇల్లు కాలి ఒకడు ఏడుస్తుంటే చుట్టకు నిప్పడిగినట్టు అమ్మను తీసి బావను పెట్టింది, కింద జానపదం అని వేశారట, జానపదం అంటే ఎవరిదీ కాదనా, దిక్కులేని ఏడుపనా.

మా పాప పెండ్లి మెరవణిలో ఈ పాటకే అందరూ ఎగరల్ల, నేను ఈడ వీడియో కాల్లో ఎగురుతా, అంటోంది కళావతి, సొంత కూతురి పెళ్ళికి పోలేని తల్లి, ఆ సంబరం చెడగొట్టబుద్ధి కాదు, కానీ శవం ముందు తీసిన శోకానికి పెళ్ళికూతురి ముందు గంతులా, చెబితే ఆ మొహం మాడిపోతుంది, చెప్పకపోతే రేపు ఆ పిల్లకేదైనా అయితే నేను బతకగలనా, ఎంతకాలమని మింగుతాను, మింగడానికేనా ఈ దేశం వచ్చింది, అనేశాను, వద్దు మే, అది పీనుగ కాడ పాడింది, మా యమ్మ కోసరం నేను పాడింది.

కళావతి ముందు నవ్వింది, తర్వాత ఫోను ఆపింది, నా బిడ్డ పెండ్లంటే నీకంత కుళ్ళా, నీదే అయితే మిగతాది పాడు, ఇంటాం, అంది, అందరూ నా వైపే చూస్తున్నారు, మూలన కూర్చున్న జుబేదా బీ ఒక్కతే తల దించుకుంది, మిగతాది, అవును, ఈ పాటలో ఒకచోట డప్పూ గొంతూ ఠక్కున ఆగిపోతాయి, ఎంత స్టైలుగా ఆపిందో అని ఇందాకే వీళ్ళంతా చప్పట్లు కొట్టారు, ఆపింది ఆవిడ కాదు, మామా, నేను పనిచేసే ఇంటావిడ, మామా అనే పిలవాలి, చుట్టాలొచ్చారు చాయ్ తెమ్మని కేకేసింది, ఆ కేకకు నా గొంతు మాట మధ్యలో తెగింది, లేచి వెళ్ళి ఏలకులు దంచాను, కప్పులు కడిగాను, మళ్ళీ ఫోను అందుకునేసరికి అమ్మను ఎత్తేశారు.

పాడు మరి, అంటోంది కళావతి, బతికున్నవాళ్ళ మధ్య శోకం తీయకూడదని తెలిసీ నోరు తెరిచాను, ఏమీ రాలేదు, ఎక్కడి నుంచి వస్తుంది, ఎవరికి పాడాలో ఆ మనిషే లేదు, ఇంతసేపూ ఆ నైనికను తిట్టుకున్నాను, అది మాత్రం ఏం చేస్తుంది, దొరికినంతవరకే పాడింది, దానికి దొరికిందెంతో మా అమ్మకు దక్కిందీ అంతే, సగం ఏడుపుతోనే మట్టిలోకి పోయింది మా అమ్మ.